చంద్రి పాత్రధారిణి స్నేహలతారెడ్డి

నెల్లూరు నుండి తూర్పుగా ఇందుకూరుపేట మీదుగా పోయిన రోడ్డు సుమారు పాతిక కిలోమీటర్ల దూరములో మైపాడు వద్ద సముద్రమును చేరుతుంది. సెలవు దినములలో నెల్లూరి కుటుంబములు పిల్లాపాపలతో విహారానికి పోయే తీరమది. ఈ తీరమునకు సమాంతరముగా బకింగ్‌హాం కాలువ దక్షిణముగా మద్రాసు దాకా సాగినది. ఒకప్పుడు ఉప్పు, కట్టెలు పడవలకెక్కి ఆ కాలువ మీదనే మద్రాసు చేరేవి. తరువాత రైలు వచ్చినది. సరుకులతో పాటు మనుష్యులూ చేరినారు. నాటకముల వారు, పాటగాండ్రు, కవులు, హాస్యగాండ్రు అటు నడిచినారు. మూకీల కాలమునాడే తెరకెక్కి, తరువాత దర్శకుడై ‘మళ్ళీ పెళ్ళి’ తీసిన వై.వి. రావు నెల్లూరులో పుట్టినవారు. జగదేవిపేట రమణారెడ్డిని, సూళ్ళూరుపేట దగ్గరి మంగళంపాడు నుండి వచ్చిన ఆత్రేయను తెలియని తెలుగు కుటుంబము లేదు. వాణిశ్రీ సంగతి చెప్పనక్కరలేదు.

ఈ పట్టికలో కనుపించని పేరొకటి ఉన్నది. ఆమె ఈ సీమలో పుట్టలేదు. నెల్లూరి ఇంట మెట్టినది. తెలుగు తెరమీద పేరు తెచ్చుకున్న నటి కాదు. ఆమె కీర్తి అంతా ఒకే ఒక కన్నడ చిత్రము మీద, అందులోని ఒక పాత్ర మీద నిలిచి ఉన్నది. ఆ చిత్రము ‘సంస్కార’, ఆ పాత్ర చంద్రి, ఆ నటి స్నేహలతారెడ్డి. 1977లో నలుబది ఐదేండ్లయినా నిండకుండ ఆమె కన్నుమూసినారు. ఆమెను గూర్చి ఇప్పుడు చెప్పుకొనే నాలుగు మాటలలో మూడు చెరసాలను గూర్చినవే. అవి న్యాయమైన మాటలే. కాని నటి చరిత్ర ఆమె మరణముతో మొదలు పెట్టుట సరికాదు. నటించిన పాత్రకును, చెరసాలకు తీసికొనిపోయిన నడతకును మధ్య ఉన్న దారి ఒక్కటేనని మేము అనుకొంటున్నాము. ఆ దారి ఎట్లు పోయినదో చెప్పుటయే ఈ ప్రసంగమునకు పని.

స్నేహలత 1932లో, కొత్తగా క్రైస్తవ మతము స్వీకరించిన కుటుంబములో పుట్టినారు. ఆ రోజులలో అట్టి కుటుంబములలో ఇంగ్లీషు పేరు, ఇంగ్లీషు ఉడుపు, ఇంగ్లీషు చదువు సహజముగానే ఒకదాని వెంట ఒకటి వచ్చేవి. చదువును ఆమె ఉంచుకొన్నారు. తక్కిన రెండింటిని వదలినారు. పరపాలనపై ఏవగింపు చేత భారతీయమైన పేరే తనకు చాలుననుకొన్నారు, దేశీయమైన దుస్తులే కట్టినారు. చిన్న విషయమువలె తోచవచ్చును. కాని తన పేరు తానే నిర్ణయించుకొన్న మనిషి తరువాతి నిర్ణయములు కూడ తానే చేసికొంటుంది.

ఆమె పెండ్లాడిన తిక్కవరపు పట్టాభిరామరెడ్డి 1919లో నెల్లూరులో పుట్టినవారు. తెలుగు సాహిత్యములో ఆయన ‘పఠాభి’. 1939లో వెలువడిన ‘ఫిడేలు రాగాల డజన్’ అనే చిన్న పుస్తకము, శ్రీశ్రీ పీఠికతో, ఛందస్సును నమ్ముకొన్న పెద్దలకు కోపము తెప్పించినది. కుర్రకారుకు అంతకంత సంతోషము కలిగించినది. పద్యముల నడుములు విరుగదంతానన్న వానిని పద్యము బ్రతికిన దేశము ఊరకే విడిచిపెడుతుందా? నేటికిని ఆ పుస్తకముపై తగవు పూర్తిగా తీరలేదు. శాంతినికేతనములో, అమెరికాలోని కొలంబియా విశ్వవిద్యాలయములో చదివి, తిరిగివచ్చి ఆయన సినిమాలలో దిగినారు. జయంతి పిక్చర్సు పేర కె.వి. రెడ్డి దర్శకత్వములో 1958లో వచ్చిన ‘పెళ్ళినాటి ప్రమాణాలు’ మన శ్రోతలలో పెద్దవారికి గుర్తుండును. నాగేశ్వరరావు, జమున నటించిన ఆ చిత్రమునకు ఘంటసాల సంగీతము కూర్చినారు. ఆ యేటి తెలుగు చిత్రములలో ఉత్తమమైనదిగా దానికి జాతీయ బహుమతి లభించినది.

అయితే ఈ దంపతులను కలిపి నడిపినది సినిమా ఒక్కటే కాదు. ఇద్దరును డాక్టరు రామమనోహర్ లోహియాకు మిత్రులు, ఆయన సోషలిజానికి అనుయాయులు. లోహియా చెప్పిన సంగతులలో ఒకటి ఇక్కడ చెప్పవలసి ఉన్నది. ఈ దేశములో మనుష్యులను వేరుచేసి దూరముగా నిలిపే గోడలు రెండున్నవని, ఒకటి కులము, రెండవది ఆడుపుట్టుక అని, ఈ రెండును ఒకదానినొకటి నిలబెట్టుచున్నవని ఆయన వాదించినారు. పేదరికము పోతే ఇవి వాటంతట అవే పోతాయనే మాట ఆయన ఒప్పుకొనలేదు. 1967 అక్టోబరు 12న లోహియా మరణించినారు. మూడేండ్లకు ఆయన శిష్యులిద్దరు ఒక చిత్రము తీసినారు. అందులోని ప్రధాన స్త్రీ పాత్ర ఈ రెండు గోడలకు అవతల నిలిచిన స్త్రీది. ఇది కాకతాళీయమని మేము అనుకొనము.

చిత్రము దగ్గరకు రాకముందు నాటకశాల సంగతి. స్నేహలత నటనకు పాఠశాల మద్రాసులోని ఇంగ్లీషు రంగస్థలము. ‘మద్రాసు ప్లేయర్స్’ అనే ఔత్సాహిక సమాజమును స్థాపించినవారిలో ఆమె ఒకరు. ఇబ్సెన్ వ్రాసిన ‘పీర్ గింట్’, టెన్నెసీ విలియమ్సు ‘నైట్ ఆఫ్ ది ఇగ్వానా’, షేక్‌స్పియరు ‘ట్వెల్త్ నైట్’ ఈ సమాజము ప్రదర్శించినది. ఔత్సాహికులనగా జీతము లేనివారు. పగలు ఉద్యోగములు, సంసారములు చూచుకొని, చీకటి పడిన తరువాత వల్లించుకొని, సొంత డబ్బుతో తెరలు కుట్టించుకొని ఆడేవారు. మన తెలుగుదేశములో పరిషత్తు నాటకముల నాడు చేసిన పని కూడ ఇదే కదా! తేడా ఏమనగా, మద్రాసు ప్లేయర్స్ ప్రేక్షకులు కొద్దిమంది, ఇంగ్లీషు చదివినవారు, నగరవాసులు. అంత చిన్న లోకములో మెప్పు పొంది తృప్తిపడిన నటులు ఎందరో ఉన్నారు. స్నేహలత నటనతో ఆగలేదు. నాటకరచన కూడ చేసినారు. ‘సీత’ అనే ఇంగ్లీషు నాటకము ఆమెదే. రామాయణమును సీత వైపు నుండి తిరిగి అడుగవలెనని తెలుగులో రచయిత్రులు పూనుకొన్నది ఎక్కువగా తరువాతి కాలములోనని మనము గుర్తుంచుకోవలెను.

ఆ సమాజపు మిత్రులలో ఒకరు గిరీష్ కార్నాడ్. ఆయన 1963 నుండి 1970 దాకా మద్రాసులో ఆక్స్‌ఫర్డు యూనివర్సిటీ ప్రెస్సులో ఉద్యోగి. సాయంకాలములు నాటకములు. చోళమండలములో, అదియు సముద్రతీరమే, 1966లో చిత్రకారులు ఒక గ్రామము నెలకొల్పుకొన్నారు. వారిలో ఎస్.జి. వాసుదేవ్ ఒకరు. కవి, నటి, నాటకకర్త, చిత్రకారుడు ఒకచోట కూడినారు. చేతిలో యు.ఆర్. అనంతమూర్తి వ్రాసిన కన్నడ నవల ఉన్నది. 1965లో వెలువడిన ఆ నవల పేరు ‘సంస్కార’. ఈ మాటకు తెలుగులోను రెండర్థములున్నవి కదా: అంత్యక్రియ ఒకటి, మనిషిలోని మెరుగు ఒకటి. కథ అంతా ఈ రెండర్థముల నడుమనే నడచినది.

మలనాడులోని ఒక మాధ్వ బ్రాహ్మణ అగ్రహారము. అందులో నారణప్ప అనేవాడు ఆచారము విడిచి, మాంసమద్యములు సేవించి, తక్కువకులపు చంద్రిని ఇంట ఉంచుకొన్నవాడు, ఒకనాడు జ్వరముతో చనిపోతాడు. శవము ఇంటిలో ఉన్నది. ఎత్తే వరకు అగ్రహారములో ఎవరును అన్నము ముట్టరాదు. కాని ఎవరు దహనము చేయవలె? చేస్తే కులము చెడుతుందేమో. చేయకుండ ఉంటే పాపము. పండితుడైన ప్రాణేశాచార్యుడు గ్రంథములు తిరగవేస్తాడు. సమాధానము దొరకదు. చంద్రి తన ఒంటిమీది బంగారమంతయు ఒలిచి ఆయన ముందు పెడుతుంది, దహనపు ఖర్చునకు. అంతదాకా మాకు వద్దన్న నోళ్ళు ఆ బంగారమును చూడగానే మాట మార్చుతాయి. ఇటు శవము కుళ్ళుచున్నది, ఎలుకలు చచ్చి పడుచున్నవి, ప్లేగు సోకినదని ఎవరికిని తెలియదు. దేవుడైనా చెప్పునేమోనని ఆచార్యుడు మారుతి గుడిలో పగలంతా కూర్చుంటాడు. దేవుడు పలుకడు. తిరిగివచ్చే త్రోవలో, అడవి చీకటిలో, ఆకలితో సొమ్మసిల్లిన ఆయనకు చంద్రి ఎదురవుతుంది. ఆ రాత్రి వారు ఒకటవుతారు. ఆచార్యుని పాండిత్యమంతా అక్కడ కూలిపోతుంది. చంద్రికి మాత్రము కూలేది ఏమియు లేదు. ఆమె లేచి ఊరిలోనికి పోయి, ఒక ముస్లిం సహాయముతో శవమును చీకటిలోనే దహనము చేయించి, తన త్రోవను తాను పోతుంది. తెల్లవారి లేచిన అగ్రహారము ఆ సంగతి ఎరుగదు. చర్చ మాత్రము సాగుతూనే ఉంటుంది!

కథను ఇంత విపులముగా ఎందుకు చెప్పినామనగా, చంద్రి పాత్రలోని కష్టము కథ తెలియనిదే తెలియదు. ఆమెకు మాటలు తక్కువ. వాదములు, శాస్త్రములు, సందేహములు, పశ్చాత్తాపము అన్నియు పురుష పాత్రలకు దక్కినవి. కార్నాడ్ స్వయముగా ప్రాణేశాచార్యుడు. కన్నడ రచయిత పి. లంకేశ్ నారణప్ప. ఇట్టివారి నడుమ మాటలు లేని పాత్ర ధరించినవారు రెండు విధముల చెడిపోవచ్చును. ఒకటి, మన సినిమాలలో వేశ్యపాత్రలకు అలవాటైన వగలు పోవుట. రెండు, ప్రేక్షకుల జాలి కొరకు కన్నీరు కార్చుట. స్నేహలత రెండును చేయలేదు. చంద్రి అక్కడ అవసరమైన పనిని చేయుటకు నిలిచిన మనిషి. శవమున్నది, దానిని ఎత్తవలె, ఇంతే. అందరును ధర్మమేమి అని అడుగుచుండగా చేయవలసినదేమి అని అడిగేది ఆమె ఒక్కతే. మాటలతో నటన నేర్చిన ఇంగ్లీషు రంగస్థలపు నటి మాటలు విడిచి, చూపుతో, నిలుచున్న తీరుతో ఇది పలికించుట మామూలు సంగతి కాదు.

దర్శకుని భార్య కనుక వేషము దక్కినదని అనవచ్చును. సినిమా లోకములో ఈ మాట ఎప్పుడును చెలామణిలో ఉండేదే. దానికి జవాబు పై పేరాలలోనే ఉన్నది. చిత్రము నాటికి ఆమె రంగస్థలమున ఎన్నో యేండ్ల అనుభవము గలవారు, పట్టాభికి దర్శకత్వము అదే మొదలు. ఎవరిని నమ్మి ఎవరు సాహసించినారో మేము చెప్పనక్కరలేదు.

‘సంస్కార’ తీసినవారు స్టూడియోల దారికి పోలేదు. శృంగేరి ప్రాంతములో వైకుంఠపురమనే ఊరికి పోయి, అక్కడి ఇండ్లలో, అక్కడి వెలుతురులో తీసినారు. ఛాయాగ్రాహకుడు టామ్ కవన్ ఆస్ట్రేలియా దేశస్థుడు. సంగీతము సరోద్ విద్వాంసుడు రాజీవ్ తారానాథ్. కళాదర్శకత్వము వాసుదేవ్. ఇట్లు స్టూడియో విడిచి వీధిలో చిత్రములు తీయుట ప్రపంచమునకు నేర్పినది యుద్ధానంతరపు ఇటలీ. రోసెల్లిని తీసిన ‘రోమ్, ఓపెన్ సిటీ’లో 1945లో అన్నా మాగ్నాని అనే నటి, అందగత్తెల వరుసలో చేరని ముఖముతో, వీధిలో కాల్పులకు పడిపోయే ఒక సామాన్య స్త్రీని చూపి లోకమును కదిలించినది. 1952లో మన దేశములో జరిగిన మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవము మద్రాసుకు కూడ వచ్చినది. అప్పుడు ‘బైసికిల్ థీవ్స్’ చూచినవారిలో మన దేశపు దర్శకులు ఎందరో ఉన్నారు. బెంగాలులో సత్యజిత్ రాయ్ 1955లో ‘పథేర్ పాంచాలి’తో తలుపు తీసినారు. దక్షిణాదిన ఆ తలుపు తెరుచుకొనుటకు పదునైదేండ్లు పట్టినది. తెరచినది తెలుగు కవి, తెరచినది కన్నడములో. తెలుగులో ఎందుకు కాలేదన్న ప్రశ్న మనలను కొంత బాధింపవలసినదే.

చిత్రము పూర్తియైనంతనే విడుదల కాలేదు. బ్రాహ్మణ సమాజమును కించపరచునని, కులకలహములకు దారితీయునని మద్రాసులోని సెన్సారు మండలి అనుమతి నిరాకరించినది. తరువాత కేంద్ర ప్రభుత్వము జోక్యము చేసికొని విడుదలకు ఒప్పుకొన్నది. అంతట 1970 సంవత్సరపు ఉత్తమ చిత్రముగా రాష్ట్రపతి స్వర్ణపతకము దానికే లభించినది. కన్నడ చిత్రమునకు ఆ గౌరవము అదే మొదటిసారి. ఒకే చిత్రమును ఒక ప్రభుత్వ శాఖ ప్రమాదకరమన్నది, అదే ప్రభుత్వము స్వర్ణపతకమిచ్చినది. ఉత్తమ నటి బహుమతి ఆ సంవత్సరము ‘దస్తక్’ అనే హిందీ చిత్రములో నటించిన రెహానా సుల్తాన్‌కు వచ్చినది. స్నేహలత పేరు మీద పతకమేదియు లేదు. కాని కన్నడములో నవ్యచిత్రముల వరుస ‘సంస్కార’తోనే మొదలైనదని చరిత్రకారులు అంగీకరింతురు. ఆ మొదటి చిత్రములోని మొదటి ముఖములలో ఆమె ముఖమొకటి.

ఇంత పేరు వచ్చిన తరువాత నటి ఏమి చేయును? వరుసగా చిత్రములు ఒప్పుకొనును. స్నేహలత చిత్రముల జాబితా వ్రేళ్ళమీద లెక్కింపదగినది. దీనిని చూచి అవకాశములు రాని నటి అని కొందరు తేలికగా అనుకొందురు. అది తొందరపాటు. నటన ఆమెకు వృత్తి కాదు. తాను నమ్మిన సంగతులు చెప్పే మార్గములలో ఒకటి. నాటకము, రచన, సభ, మిత్రుల చర్చ తక్కిన మార్గములు. బెంగుళూరులో ఆ దంపతుల ఇల్లు రచయితలకు, చిత్రకారులకు, సోషలిస్టులకు కూడలి. ఆ ఇంటికి వచ్చిపోయేవారిలో జార్జి ఫెర్నాండెజ్ ఒకరు. పట్టాభి చేపట్టిన రెండవ కన్నడ చిత్రము ‘చండమారుత’ కూడ లంకేశ్ నాటకము ‘క్రాంతి బంతు క్రాంతి’ ఆధారముగా అల్లినదే. విప్లవము మాట మీద, అధికారపు అణచివేత మీద అల్లిన కథ.

ఇంతలో నిజమైన చండమారుతము వచ్చినది. 1975 జూన్ 25 అర్ధరాత్రి అత్యవసర పరిస్థితి ప్రకటితమైనది. మరునాటి ఉదయము ప్రధానమంత్రి ఇందిరాగాంధి ఆకాశవాణిలో ప్రసంగించినారు. నాడు రేడియో ముందు కూర్చున్న ఇండ్లలో ఆ గొంతు గుర్తున్నవారు నేడును ఉన్నారు. పత్రికలకు సెన్సారు వచ్చినది. రేడియో అప్పటికే ప్రభుత్వపు చేతిలోనిది, దానికి వేరే సెన్సారు అక్కరలేకపోయినది. ఎవరిని పట్టుకొన్నారో, ఎక్కడ ఉంచినారో ప్రజలకు తెలిసే మార్గము నోటిమాట ఒక్కటే. ప్రసార సంస్థలకు స్వయంప్రతిపత్తి ఉండవలెనని 1978లో వర్ఘీస్ సంఘము సిఫార్సు చేసినదంటే ఈ అనుభవమే ముఖ్య కారణము.

ఫెర్నాండెజ్ అజ్ఞాతములోనికి పోయి ప్రతిఘటన నడిపినారు. రైలు వంతెనలు మొదలగువానిని పేల్చుటకు డైనమైటు సేకరించినారని ప్రభుత్వము మోపిన కేసునకు ‘బరోడా డైనమైటు కేసు’ అని పేరు. ఆయన జాడ కొరకు పోలీసులు బెంగుళూరులో మిత్రులపై, బంధువులపై పడినారు. 1976 మే 1న ఆయన సోదరుడు లారెన్సును పట్టుకొని చిత్రహింసలు పెట్టినారు. స్నేహలత కుటుంబమంతయు విచారణలకు గురియైనది. మే 2న ఆమెను నిర్బంధించినారు. తేదీలను కొంచెము గమనింపుడు. అంతకు నాలుగు దినములు ముందే, ఏప్రిల్ 28న, నిర్బంధితులు విడుదలకై న్యాయస్థానమును ఆశ్రయించే హక్కు అత్యవసర పరిస్థితిలో లేదని సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఐదుగురు న్యాయమూర్తులలో ఒక్క హెచ్.ఆర్. ఖన్నా మాత్రము భిన్నాభిప్రాయము వ్రాసినారు. ఆ తీర్పుతో కోర్టు తలుపులు మూసినారు. అదే వారములో జైలు తలుపులు ఆమె వెనుక మూసినారు.

ఆంతరంగిక భద్రతా చట్టము, ప్రజలు ‘మీసా’ అని పిలిచిన చట్టము, క్రింద ఆమెను బెంగుళూరు కేంద్ర కారాగారములో ఒంటరి కొట్టులో ఉంచినారు. ఆమెకు దీర్ఘకాలముగా ఉబ్బసము. ఉబ్బసపు రోగి గల ఇంటివారికి తెలియును: రాత్రివేళ ఊపిరి అందనప్పుడు తోడు మనిషి, తెరచిన కిటికీ, వేళకు మందు, ఈ మూడింటి మీదనే ప్రాణము ఆధారపడి ఉండును. ఒంటరి కొట్టులో ఈ మూడును దుర్లభములు. అదే జైలులో నిర్బంధితుడుగా ఉన్న సోషలిస్టు నాయకుడు మధు దండవతే, రాత్రుల నిశ్శబ్దములో ఆమె కేకలు తమ వరకు వినవచ్చేవని తరువాత వ్రాసినారు. నటి గొంతు దూరము పోవుట అందరును మెచ్చదగిన గుణము. ఈ సందర్భములో దానిని తలచుకొనుట కష్టముగా ఉన్నది.

జైలులో ఆమె దినచర్య వ్రాసినారు. ఈ దినచర్యయే ఆమె సొంత గొంతులో మనకు మిగిలిన ముఖ్యమైన గ్రంథము. ఇందులో తన బాధ ఉన్నది, చికిత్స అందకపోవుట ఉన్నది, ఏ విచారణయు లేకుండ నన్నెందుకు ఉంచినారన్న ప్రశ్న ఉన్నది. అంతకంటె ఎక్కువగా మమ్ము ఆకర్షించినది మరొకటి. రాజకీయ ఖైదీ కనుక ఆమె తన సదుపాయములు తాను అడిగి ఊరకుండవచ్చును. ఆమె చూపు ప్రక్క కొట్లలోని స్త్రీల మీదికి పోయినది. వారు చిన్న దొంగతనములకో, మరొకందుకో వచ్చినవారు. పత్రికలకు, పార్టీలకు అక్కరలేనివారు. జైలుకు కొత్తగా వచ్చిన ఆడవారిని కొట్టే ఆచారముండేది. ఆమె దానిని ఎదిరించి మాన్పించినారు. తిండి బాగులేదని పోరాడి కొంత మెరుగు చేయించినారు. ఆ స్త్రీలకు పాటలు నేర్పినారు, నాటకములాడించినారు. చంద్రి పాత్రను మేము ఇంతగా చెప్పినది ఇందుకే. అక్కడ ఎవరికిని పట్టని శవమొకటి. ఇక్కడ ఎవరికిని పట్టని మనుష్యులు. రెండుచోట్లను శాస్త్రచర్చ చేయుచు కూర్చోక, ముందున్న పనికి పూనుకొన్నది ఒకే మనిషి.

1976 జూన్ 10న ఫెర్నాండెజ్ కలకత్తాలో పట్టుబడినారు. ఆయన జాడ కొరకే ఈమెను ఉంచినారనుకొంటే, ఆ అక్కర ఆనాటితో తీరినది. సెప్టెంబరులో కేసు కోర్టుకెక్కినది. ఫెర్నాండెజ్‌తో కలిపి ఇరువదిఐదుగురు ముద్దాయిలు. అందులో స్నేహలతారెడ్డి పేరు లేదు. డైనమైటు కేసులో శిక్షపడిన నటి అని ఒకరిద్దరు వ్రాయగా చూచినాము. శిక్ష మాట అటుంచి, నేరారోపణయైనను లేదు. అయినను ఆమె విడుదల కాలేదు. అక్టోబరు, నవంబరు, డిసెంబరు, చలికాలమంతా గడచినది. ఉబ్బసమునకు చలికాలమెట్టిదో మరల చెప్పనక్కరలేదు.

1977 జనవరి 15న, ఆరోగ్యము పూర్తిగా చెడిన మీదట, ఆమెను పెరోలుపై ఇంటికి పంపినారు. పద్దెనిమిదవ తేదీన ఇందిరాగాంధి ఆకాశవాణిలో ఎన్నికలు ప్రకటించినారు. ఇరువదవ తేదీన స్నేహలత మరణించినారు. జైలులోనే పోయినారని కొందరు చెప్పుదురు. అది కాదు, విడుదలైన అయిదవ దినమున. ఈ తేడా చట్టమునకే ముఖ్యము. ఎనిమిది నెలలకు పైబడిన నిర్బంధము చేసిన పని ఆ అయిదు దినములలో మారలేదు.

మార్చిలో ఎన్నికలు జరిగినవి. ఫెర్నాండెజ్ జైలులో ఉండియే ముజఫర్‌పూర్ నుండి గెలిచినారు. మార్చి 21న అత్యవసర పరిస్థితి ఎత్తివేసినారు. డైనమైటు కేసు ఉపసంహరింపబడినది. అదే సంవత్సరము కర్ణాటక మానవ హక్కుల సంఘము ఆమె జైలు దినచర్యను ఇంగ్లీషులో ప్రచురించినది, ‘చండమారుత’ విడుదలైనది. పట్టాభి తరువాత ‘శృంగార మాస’, ‘దేవర కాడు’ తీసినారు. 2006 మే 6న బెంగుళూరులో మరణించినారు. ఆయనను గూర్చిన వ్యాసములు తెలుగులో వచ్చినవి, వచ్చుచున్నవి. వానిలో ఆమె ప్రస్తావన ఒకటి రెండు వాక్యములకు మించుట అరుదు. ‘సంస్కార’ను గూర్చి వ్రాసేవారు కార్నాడ్, అనంతమూర్తి పేర్ల తరువాత చోటు మిగిలితే ఆమెను తలచుకొందురు. అత్యవసర పరిస్థితిని గూర్చి వ్రాసేవారికి ఆమె ఒక మృతురాలు, నటి కాదు. ఇట్లు ఒక్కొక్క చరిత్రలో ఒక్కొక్క తునకగా మిగిలిన జీవితమును మరల కలిపి చెప్పవలసిన బాధ్యత ఎవరిదంటే, ముందు తెలుగువారిది, అందులోను నెల్లూరివారిది.

ఆ పాత కేంద్ర కారాగారము ఇప్పుడు జైలు కాదు. ఖైదీలను ఊరి వెలుపల పరప్పన అగ్రహారమునకు తరలించిన తరువాత, శేషాద్రి రోడ్డుమీది ఆ ఆవరణను ‘ఫ్రీడమ్ పార్కు’గా మార్చి 2008లో ప్రజలకు తెరచినారు. పాత కొట్లలో కొన్నింటిని అట్లే ఉంచినారు. బెంగుళూరులో నిరసన సభలు, ధర్నాలు జరుపుకొనువారు ఇప్పుడు అక్కడికే పోవుదురు.